లిబెరో కెప్టెన్ కావచ్చా?

అశోక్‌నగర్‌లోని ఒక కోచింగ్ సెంటర్లో ఆరేళ్ళు జనరల్ నాలెడ్జ్ చెప్పాను. అంతకు ముందు అవే బెంచీల మీద కూర్చుని గ్రూప్స్‌కి చదివినదాన్నే. నాలుగుసార్లు పరీక్ష రాశాను. రెండుసార్లు కొద్దిలో పోయింది, ఒకసారి పరీక్షే రద్దయింది. ఉద్యోగం రాలేదు కానీ చదివిందంతా తలలో మిగిలిపోయింది. దాన్నే చెప్పుకుంటూ రోజులు గడిపాను.

చిక్కడపల్లిలో మా ఇల్లు సెంటర్‌కి నడిచి పది నిమిషాలు. ఆ పది నిమిషాలూ నేను తిన్నగా నడిచేదాన్ని కాదు. స్టడీ హాల్ ముందు ఆగేదాన్ని, జిరాక్స్ షాపు దగ్గర ఆగేదాన్ని, నోటిఫికేషన్ గురించి ఎవరేమంటున్నారో చెవి ఒగ్గి వినేదాన్ని. ఇంటికొచ్చాక కూడా గదిలోంచి వంటింట్లోకీ, వంటింట్లోంచి బాల్కనీలోకీ తిరుగుతూనే ఉండేదాన్ని.

"జర ఒక్క దగ్గర కూసో బిడ్డా. నిన్ను చూస్తే నా కాళ్ళు గుంజుతున్నయి" అనేది అమ్మ.

నేను చెప్పేవాటిలో క్రీడాపదాల పాఠం తేలిక. బోర్డు మీద రెండు వరుసలు గీస్తే సగం అయిపోయినట్టే. సిల్లీ పాయింట్ క్రికెట్, స్వీపర్ ఫుట్‌బాల్, రైడర్ కబడ్డీ, చుక్కర్ పోలో, లిబెరో వాలీబాల్. లిబెరో అంటే వెనక వరుసలో బంతిని కాపాడే ఆటగాడు, వేరే రంగు చొక్కా వేసుకుంటాడు. అంతే, తర్వాతి పదం. ఆ ఆటల్లో ఒక్కటీ నేను ఆడలేదు. పోలో సంగతి సరే, కబడ్డీ కూడా ఆడలేదు.

ఒక వారం టెస్టులో ఈ ప్రశ్న ఇచ్చాను. వాలీబాల్ జట్టులో కెప్టెన్ కాలేనిది ఎవరు? సెట్టర్, స్పైకర్, బ్లాకర్, లిబెరో అని నాలుగు జవాబులు. కీ ప్రకారం లిబెరో. క్లాసంతా అదే రాసింది, ఒక్క అమ్మాయి తప్ప. ఆమె ఏ జవాబూ గుర్తించకుండా పక్కన పెన్సిల్‌తో 'ప్రశ్న తప్పు' అని రాసింది.

నల్గొండ వైపు నుంచి వచ్చి విద్యానగర్ హాస్టల్లో ఉంటున్న అమ్మాయి. ఇరవై ఆరేళ్ళుంటాయి. క్లాసులో ఎప్పుడూ మాట్లాడేది కాదు.

"ఏం తప్పుంది ఇందులో?" అన్నాను అందరి ముందూ.

ఆమె లేచి నిలబడింది. "లిబెరో కెప్టెన్ కావచ్చు మేడం. రూల్ మారి చానా రోజులైంది."

"పుస్తకంలో అలా లేదే."

"పుస్తకం పాతది మేడం."

వెనక బెంచీల్లో ఎవరో నవ్వారు. నాకు ముఖం వేడెక్కింది. "పరీక్షలో పుస్తకంలో ఉన్నదే రాయాలి, కూర్చో" అన్నాను. కూర్చుంది. కానీ క్లాసు అయ్యాక మెట్ల దగ్గర నా కోసం నిలబడింది.

"నేను జిల్లా టీముల లిబెరోగ ఆడిన మేడం. కోచ్ సార్ నన్నే కెప్టెన్ చేస్తనన్నడు. ఇంట్ల గూడ చెప్పుకున్న. తీరా పేర్లు రాసిచ్చేకాడ లిబెరోకి కుదరదని ఇంకో అమ్మాయి పేరు రాసిండ్రు. అప్పటి రూల్ గట్లనే ఉండె, నేనేం అనలే. నేను ఆట ఇడిసిపెట్టినంక రూల్ మార్చిండ్రు." బ్యాగు ఆ భుజం నుంచి ఈ భుజానికి మార్చుకుంది. "మార్కు కోసం కాదు మేడం. కాలేదు అని నా చేత్తోని నేనే రాయాలంటే చెయ్యి రాలే."

చూస్తానులే అన్నాను.

"చూడాలంటే ఆదివారం పొద్దున నారాయణగూడకి రాండ్రి. మేం ఆడుతం" అంది.

రెండు రోజులు ఆ మాట నన్ను వదల్లేదు. ఆదివారం ఏడింటికల్లా మెట్రో స్తంభాల కింద నడుచుకుంటూ నారాయణగూడలో ఆమె చెప్పిన స్కూలు గ్రౌండ్‌కి వెళ్ళాను. ఆడవాళ్ళే ఆడుతున్నారు. బ్యాంకులో పనిచేసే ఆవిడ, నర్సు, బట్టల షాపు నడిపే ఆవిడ, ఇలా. ఆ రోజు నల్లకుంట వాళ్ళతో స్నేహపూర్వకంగా ఒక మ్యాచ్. నేను వెళ్ళేసరికి వీళ్ళలో ఒకావిడ చీలమండ బెణికి గట్టు మీద కూర్చుని ఉంది.

"మేడం, ఒక్కరు తక్కువున్నం. మీరు నిలబడాలె" అంది మా క్లాసు అమ్మాయి. ఆమె ఒక్కతే పసుపుపచ్చ చొక్కాలో ఉంది, మిగతావాళ్ళంతా నీలం.

"నాకు ఆట రాదు."

"మాకు చెప్పింది మీరే గద మేడం!"

అందరూ నవ్వారు, నేనూ నవ్వాను. బెణికినావిడ తన బూట్లు విప్పి ఇచ్చింది. ఒక సైజు పెద్దవి.

టాస్‌కి కెప్టెన్‌గా పసుపు చొక్కాలో ఆ అమ్మాయే వెళ్ళింది. అంపైర్ రిటైరైన డ్రిల్ మాస్టారు, మెడలో విజిల్. ఆయన అభ్యంతరం పెట్టకుండా నాణెం ఎగరేశాడు. నేను ఊరుకోలేక దగ్గరికి వెళ్ళి అడిగాను.

"సార్, లిబెరో కెప్టెన్ కావచ్చా?"

"ఎందుకు కావద్దు బిడ్డా? ఎన్కట వద్దనేటోళ్లు. రూల్ మారింది గదా" అని ఫోన్లో రూల్ బుక్ తెరిచి ఆ వాక్యం చూపించాడు.

రెండుసార్లు చదివాను. ఇంతలో విజిల్ వేశాడు.

కొట్టడానికి వీలుగా బంతిని పైకి లేపిచ్చే మనిషిని నేను సెట్టర్ అని చెప్తాను, వాళ్ళు లిఫ్టర్ అంటున్నారు. స్పైకర్ అన్నమాట ఎవరి నోటా రాలేదు, "షాట్ కొట్టు" అంటున్నారు. రొటేషన్ అంటే సవ్యదిశలో స్థానాలు మారడం అని ఆరేళ్ళుగా చెబుతున్నాను. మాకు సర్వీస్ వచ్చి "రొటేట్!" అని అరవగానే నేను ఎడమకి కదిలి బ్యాంకు ఆవిడని గుద్దుకున్నాను.

"ఇటు అక్కా, ఇటు!"

నా సర్వీస్ వంతు వచ్చింది. పిడికిలితో కింది నుంచి కొట్టాను. బంతి నెట్ దాకా కూడా పోలేదు. తలెత్తేసరికి పసుపు చొక్కా పరుగెత్తుకొచ్చి నా అరచేతిని తట్టింది. "మీరు బయటికి రాండ్రి, ఎన్క నేను చూసుకుంట." లిబెరో అంటే ఇది. నేను వెనక వరుసలో ఉన్నంతసేపూ నా స్థానంలో ఆమె ఆడింది. ముందుకి వెళ్ళాల్సినప్పుడు తను బయటికొచ్చి నన్ను లోపలికి పంపింది.

బయట నిలబడి ఆమెనే చూశాను. అవతలి వాళ్ళు కొట్టిన బంతి నేల తాకబోతుంటే, ఆమె పొట్ట మీద జారుతూ బంతి కింద చెయ్యి పెట్టేది. లేచి దులుపుకునేది కూడా కాదు. పాయింటు వస్తే జనం చప్పట్లు షాట్ కొట్టినామెకే. ఆమె అటు చూడకుండా మళ్ళీ మోకాళ్ళు వంచి సిద్ధంగా ఉండేది.

రెండు సెట్లూ ఓడిపోయాం. అందులో నా వాటా చాలానే ఉంది. మోచేతుల కింద చర్మం ఎర్రగా కందిపోయింది.

సోమవారం మా సెంటర్ డైరెక్టర్ గారితో కీ మార్చాలన్నాను. ఆయన కాకినాడ నుంచి వచ్చి ఇక్కడ స్థిరపడిన మనిషి, గట్టిగా మాట్లాడరు.

"మీరు చెప్పేది నిజమే అయి ఉండొచ్చమ్మా. కానీ మనం అమ్మే మెటీరియల్లో తప్పుందని మనమే ఎలా చెప్తాం? వదిలేయండి."

వదిలేద్దామనే క్లాసులోకి వెళ్ళాను. బోర్డు ముందు రెండు నిమిషాలు అటూ ఇటూ తిరిగి, చాక్‌పీస్ పట్టుకుని, "పోయిన వారం నేను చెప్పింది తప్పు" అన్నాను. కొత్త రూల్ రాసి, ఆ ప్రశ్న కొట్టేయమన్నాను. ఎవరూ నవ్వలేదు. ఒకబ్బాయి మాత్రం "మరి అసలు పరీక్షలో ఏది రాయాలె మేడం?" అని అడిగాడు. నాకూ తెలియదని చెప్పాను.

ఆమె పేపర్ మీద ఎర్ర పెన్నుతో మార్కు కలిపి ఇచ్చాను. "థాంక్స్ మేడం" అని నాలుగు మడతలు పెట్టి పర్సులో పెట్టుకుంది.

తర్వాతి బ్యాచ్‌కి క్రీడల పాఠం ఇంకొకరికి ఇచ్చారు. నాకు నదులూ, ఆనకట్టలూ మిగిలాయి. నాలుగు నెలలు చెప్పి మానేశాను. డైరెక్టర్ గారు పొమ్మనలేదు, నాకే ఆ గదిలో కాలు నిలవలేదు.

ఆ అమ్మాయికి సూర్యాపేట దగ్గర ఒక ప్రైవేటు స్కూల్లో ఆటల టీచర్‌గా పని దొరికింది. గ్రూప్స్ ఎప్పటికైనా రాస్తానంటూనే హాస్టల్ ఖాళీ చేసి వెళ్ళిపోయింది. అప్పుడప్పుడూ ఫోన్ చేస్తుంది, వెనకాల పిల్లల అరుపులు వినిపిస్తాయి.

నేను ఆదివారాలు గ్రౌండ్‌కి వెళ్తూనే ఉన్నాను. నా సర్వీస్ ఇప్పుడు ఎక్కువసార్లు నెట్ దాటుతోంది. మళ్ళీ పరీక్షకి దరఖాస్తు కూడా పెట్టాను, ఆ తేదీ రెండుసార్లు వాయిదా పడింది. పోయిన వారం డ్రిల్ మాస్టారు నన్ను పక్కకి పిలిచి, లిబెరో ఎవరూ లేరు, నువ్వు నేర్చుకుంటావా అని అడిగాడు. ఆలోచించి చెప్తానన్నాను. ఇంకా చెప్పలేదు.