చిన్నమ్మ గోడ మీది సీమ పళ్ళేలు

పోయిన నెల హైదరాబాదులో మాతో పనిచేసిన ఒకావిడ పదవీ విరమణ విందుకు పోతే, ఆ హోటలు గోడ నిండా నీలం బొమ్మల పింగాణీ పళ్ళేలు కనిపించాయి. నేను మాటల మధ్యలోనే లేచి ఒకదాన్ని వెనక్కి తిప్పబోయాను. సర్వరు పరుగున వచ్చి, "మేడమ్, అవి గోడకు అతికించినయి, రావు" అన్నాడు. బల్ల దగ్గర అందరూ నవ్వారు. పళ్ళెం కనబడితే వెనుక ముద్ర చూడడం నాకు మా చిన్నమ్మ అంటించిన జబ్బు.

చిన్నమ్మ మా అమ్మకు చెల్లెలు. మెట్టినిల్లు మల్యాల దగ్గరి ఒక ఊళ్ళో దొరల గడీ, పెద్ద భవంతి. నక్సలైట్ల దళాలు తిరగడం మొదలై, దొరల ఇళ్ళ గోడల మీద ఎర్ర అక్షరాలు కనిపించాక బాబాయి ఆమెను, రెండు ట్రంకు పెట్టెలను తీసుకొని జగిత్యాల బస్సెక్కేశాడు. సందు చివర రెండర్రల ఇల్లు అద్దెకు దొరికింది. ఇంటర్ చదువుకని నన్నూ అక్కడే ఉంచారు. బాబాయి దృష్టిలో ప్రపంచం నిండా ఉన్నది ఇద్దరే: అన్నలు, పోలీసులు. తలుపు ఎవరు కొట్టినా ఆ ఇద్దరిలో ఒకరే అయి ఉండాలి. కాబట్టి తలుపుకు పగలూ గొళ్ళెమే. నేను కాలేజీ నుంచి వచ్చి మూడుసార్లు దగ్గితే తెరిచేవారు. నాకు నిజంగా జలుబు చేసిన వారం ఆయన లేచి కూర్చొని లేచి కూర్చొని అలసిపోయాడు. చిన్నమ్మకు మాత్రం ఆ దగ్గే హక్కు కూడా లేదు, ఆమె బయటికి పోతే కదా. కూరగాయలు బాబాయే తెచ్చేవాడు. ఆమెకు మిగిలింది సందులోకి తెరుచుకునే ఒక కిటికీ, దానికి సగం పరదా.

ఆ కిటికీ దగ్గరికి వారానికోసారి గంప నెత్తిన పెట్టుకొని ఒకావిడ వచ్చేది. పాత చీరలు తీసుకొని స్టీలు గిన్నెలిచ్చే మనిషి. చుట్టుపక్కల ఊళ్ళన్నీ తిరిగేది. ఒకనాడు ఆమె గంప అడుగున, గిన్నెలు గీసుకుపోకుండా పెట్టిన గడ్డిలో, నీలం వంతెన, రెండు పిట్టలు ఉన్న పళ్ళెం కనబడింది. "దీంట్ల కోడిపిల్లలకు నూకలు పోస్తుండ్రు దొరసానీ" అంది ఆవిడ. దొరలు వదిలిపోయిన గడీల సామాను అప్పటికి ఊళ్ళల్లో ఎవరెవరి ఇళ్ళకో చేరింది. నైజాం కాలంలో పట్నంలో కొన్న ఇంగ్లండు పింగాణీ అది, ఎన్నడో పండుగకు తప్ప బయటికి తీయనిది. చిన్నమ్మ లోపలికి పోయి ఒక పట్టుచీర తెచ్చి ఊచల్లోంచి ఇచ్చింది. ఆవిడ బెదిరిపోయింది. "గీ పగిలిన చిప్పకు పట్టుచీరెనా? నాకు పాపం తగుల్తది" అని, వద్దంటున్నా ఒక స్టీలు డబ్బా కూడా పెట్టిపోయింది.

అట్లా ఏడాదిన్నరలో గోడ నిండింది. గుర్రాల మీద వేటకు పోయే దొరలు, వాగులో నీళ్ళు తాగే ఆవులు, అంచుకు గులాబీలు. ఒక్కటీ జత కుదరదు, సగానికి సగం అంచు విరిగినవే. "అన్నం తినరాని పళ్ళేలు ఎందుకే?" అని బాబాయి విసుక్కునేవాడు. సాయంత్రాలు చిన్నమ్మ ఒక్కోటి నా చేతికిచ్చి, "ఎన్కల ఏం రాసుందో సదువు బిడ్డా" అనేది. కిరీటం, సింహం, కింద అది తయారైన చోటు పేరు. నేను కాలేజీ అట్లాసులో స్టాఫర్డ్‌షైర్ వెతికి చూపిస్తే, వేలు పెట్టి చాలాసేపు అక్కడే ఉంచింది. జగిత్యాల బస్టాండుకు ఆమె పోయి అప్పటికి రెండేళ్ళు దాటింది.

ఒకరోజు గంపలో నడిమికి పగిలి, ఇత్తడి బందులతో అతికించిన పెద్ద పళ్ళెం వచ్చింది. చూడగానే చిన్నమ్మ ముఖం మారింది. "ఏ ఊర్లది?" అని అడగబోయి ఊరుకుంది. తీసుకొని గోడకు పెట్టింది. తరువాత నాతో మాత్రం చెప్పింది: అది వాళ్ళ పెదనాన్న గడీది. ఎనిమిదేళ్ళప్పుడు దాన్ని పగలగొట్టింది తనే. దెబ్బలు తిన్నది పెదనాన్న కొడుకు. అంటే నాకు పెద్దమామయ్య.

ఆ మామయ్య గడీని అంతకు ముందే ఎవరో దోచుకున్నారు. ఆయన కోరుట్లకు చేరి, తన సామాను ఏ ఇంట్లో కనబడుతుందా అని వెతుకుతున్నాడు. ఒక్క వస్తువు దొరికితే చాలు, దాని ఆధారంతో పోలీసులు ఊరంతా సోదా చేస్తారని అనేవాడు. చిన్నమ్మకు ఈ సంగతి తెలుసు. అయినా ఆ పళ్ళెం గోడ మీది నుంచి తీయలేదు. ఎందుకని అడిగితే, "అది నా ఇంటిది గద" అంది.

మామయ్య ఒక ఆదివారం భోజనానికి వచ్చాడు. చెయ్యి కడుక్కొని తుడుచుకుంటూ గోడ చూశాడు. తువ్వాలు చేతిలోనే ఉండిపోయింది.

"చెల్లె, గిది నీకెట్ల వచ్చింది?"

బాబాయి ముఖం తెల్లబోయింది.

"దీని మీద నాకు తన్నులు పడ్డయి. నేను మర్సిపోత్నా? ఎవరిచ్చిన్రో పేరు చెప్పు. మిగతాది నేను జూసుకుంట."

పేరు చెబితే గంప ఆవిడ స్టేషన్లో ఉంటుంది, ఆ తరువాత ఆమెకు ఆ పళ్ళెం అమ్మిన ఇంటివాళ్ళు. చెప్పకపోతే దోపిడీ సామాను మా ఇంట్లోనే ఉన్నట్టు. చెప్పెయ్యమని బాబాయి కళ్ళతోనే బతిమాలుతున్నాడు.

"పెద్దమ్మ ఇచ్చింది అన్నా, నా పెండ్లికి" అంది చిన్నమ్మ. "పలగ్గొట్టింది నేనే. గా దినం నేను చెప్పలె, నువ్వు తన్నులు తిన్నవు. పెద్దమ్మకు ఎర్కే. గందుకే నన్నే ఉంచుకోమన్నది."

అబద్ధానికి కాపలాగా తన ముప్పై ఏళ్ళ నిజాన్ని పెట్టింది. దోపిడీకి ముందు పండుగ దాకా ఆ పళ్ళెం తన గడీలోనే ఉందని మామయ్యకు తెలియకుండా ఉండదు. "నువ్వేనా?" అన్నాడు. చెప్పులు వేసుకొని, వడ్డించిన విస్తరి అట్లాగే వదిలి వెళ్ళిపోయాడు.

తరువాతి రోజులు నాకు ఇప్పటికీ గుర్తే. సందులో జీపు చప్పుడైతే ముగ్గురం ఎక్కడివాళ్ళం అక్కడ ఆగిపోయేవాళ్ళం. చిన్నమ్మ పళ్ళేలన్నీ దింపి, పాత చీరలు చుట్టి ట్రంకులో పెట్టింది. గోడ మీద మేకులు మాత్రం మిగిలాయి. గంప ఆవిడ వచ్చినప్పుడు కిటికీ సగం తెరిచి, "ఇటు రాకు ఇగ. ఈ సందులకే రాకు" అంది. ఆవిడ ఏమీ అర్థంకాక, "నేనేం తప్పు జేసిన దొరసానీ?" అని అక్కడే నిలబడింది. చిన్నమ్మ రెక్క వేసేసింది. ఆ రోజు నుంచి ఆ కిటికీ కూడా లేదు.

జీపు మాత్రం రాలేదు. మామయ్యా రాలేదు. కొన్నేళ్ళకు బాబాయి సిరిసిల్లలో నూలు దుకాణం పెట్టి అక్కడికి మారాడు. పెళ్ళిళ్ళలో అన్నాచెల్లెళ్ళు ఎదురుపడితే క్షేమం అడిగి పక్కకు తప్పుకునేవాళ్ళు. తనను ఆయన క్షమించలేదని, ఏదో ఒకనాటికి ఆ పళ్ళెం మాట బయటపెడతాడని చిన్నమ్మ నమ్మకం.

మామయ్య చనిపోయాక కోరుట్ల పోయి అత్తయ్య దగ్గర కూర్చున్నప్పుడు నేనే ఆ సంగతి ఎత్తాను. ఆమె, "గా దినం ఇంటికొచ్చి అన్నం తినలే" అంది. "చెల్లెకు అబద్ధం చెప్పుడు గుడ రాదు, ఎవర్నో కాపాడుతుంది, కాపాడనీ అన్నడు. ఇగ గా సామాను ముచ్చట మళ్ళ ఎన్నడు ఎత్తలే."

తెల్లవారి సిరిసిల్ల పోయి చిన్నమ్మకు చెప్పాను. మగ్గాల చప్పుడుకు రెండుసార్లు చెప్పవలసి వచ్చింది. ఆమె విని, "గీ ముక్క నాకు అప్పుడే చెప్తే ఏమయితుండె?" అంది, ఎవరిని అడుగుతున్నదో తెలియకుండా. మేము భయపడిన రోజులు ఎప్పుడో అయిపోయాయి. అయిపోయాయన్న కబురు మా గడప దాకా రావడానికే ముప్పై ఏళ్ళు పట్టింది.