చివరి రీలులో నవ్విందెవరు

చవక దెయ్యాల సినిమాలను వెతికి దాచడం నా పిచ్చి. పెద్ద సినిమాలకు పట్టించుకునే నాథుడుంటాడు. పది రోజుల్లో తీసి, నాలుగు రోజులాడి పోయినవాటి మొహం ఎవరు చూస్తారు? వట్లూరులో మా వెనకగది నిండా రేకు డబ్బాలు, ఏ సినిమా ఎక్కడ తీశారో ఎందుకు పోయిందో రాసుకున్న పుస్తకాలు. మా ఆవిడ నాకు దెయ్యాల గుమాస్తా అని పేరు పెట్టింది.

ఆ గుమాస్తాగిరీ మీదే తాడేపల్లిగూడెంలో ఒక రిటైర్డ్ టీచరమ్మను కలిశాను. వయసులో ఉండగా కొల్లేట్లో తీసిన ఒక సినిమాలో ఆవిడ దెయ్యంగా వేశారు. అందులో హీరోనే తర్వాత పెళ్లి చేసుకున్నారు. ఆయన పోయి ఏడాదయింది.

"క్లైమాక్సులో మొహం మీద జుట్టు తీసి ఆయన్ని భయపెట్టాలండీ. నేను నవ్వేశానట. మళ్లీ తీయడానికి ఫిల్ము లేక అదే ఉంచేశారట. నీ నవ్వు వల్లే మన సినిమా పోయిందని బతికున్నన్నాళ్లూ దెప్పారండీ. ఆ కొల్లేటి నీళ్లలో నానిపోయి జ్వరమొచ్చి, ఆడిన నాలుగు రోజులూ నేను మంచం మీదే ఉన్నాను. నవ్వినట్టు నాకు గుర్తే లేదు. ఆ ముక్క ఒక్కసారి చూపించండి, చాలు."

నా పుస్తకంలోనూ 'దెయ్యం నవ్వడం వల్ల చెడింది' అనే ఉంది. ఎవరో అంటే రాసేశాను. సిగ్గేసి, తప్పక చూపిస్తానని మాటిచ్చాను. తీరా నా దగ్గర లేనిది ఆ చివరి రీలే.

ఆరా తీస్తే అది కొల్లేటికోటలో, ఒకాయన చేపల చెరువు మీద తేలింది. నిజంగా చెరువు మీదే. గట్టు నుంచి గట్టుకు తోరణంలా కట్టేశారు.

"నీటికాకులు చేపల్ని ఉంచట్లేదండి. రీలు గాలికి మెరుస్తుంటే బెదిరిపోతాయండి. ఒక్కటీ వాలట్లేదు," అన్నాడాయన గర్వంగా.

నాకు ముక్కు మీదే కోపం. తిట్టడానికి నోరు తెరిచి నవ్వేశాను. హాల్లో ఒక్క మనిషినీ భయపెట్టలేని సినిమా ఇన్నాళ్లకు ఎవరినో భయపెడుతోంది. కానీ దగ్గరకెళితే ఎండకూ వానకూ ఫిల్మంతా తెల్లబడిపోయి ఉంది. టీచరమ్మకిచ్చిన మాట గుర్తొచ్చి, ఇంకేమైనా మిగిలిందా అని అడిగాను.

"కట్టగా మిగిలింది పాకలో ఉందండి," అన్నాడాయన. డబ్బా అడుగున చిన్న చుట్ట. మొదటి నుంచి విప్పుతూ కట్టారు గనుక, మిగిలింది కథ చివరే.

మర్నాడు ఆవిడ వంటింటి కిటికీ దగ్గర ఆ ముక్కను వెలుగుకు పట్టుకుని, భూతద్దం చేతికిచ్చాను. ఆవిడ చాలాసేపు చూసి నాకిచ్చారు. జుట్టు తొలగిన దెయ్యం గుడ్లురిమి చూస్తోంది. నాకే ఒళ్లు జలదరించింది. ఎదురుగా మోకాళ్ల లోతు నీళ్లలో, భయంతో వణకాల్సిన హీరో పళ్లన్నీ బయటపెట్టి నవ్వుతున్నాడు.

"మీ పుస్తకంలో దిద్దేయండి," అన్నారావిడ.

తర్వాత కళ్లు తుడుచుకుని, గోడ మీది ఫొటో వైపు తిరిగారు.

"ఏవండీ, దొరికిపోయారు."