ఇల్లెవరిది?

హైఫా బజారులో ఉప్పునీళ్లలో ఊరేసిన ఆలివ్‌కాయలమ్మే నఫ్తాలీ, గంటగంటకూ రేడియోలో వార్తల ముందు పీప్ పీప్‌మనగానే చిల్లుల గరిటె పైకెత్తి బేరాలన్నీ ఆపేస్తాడు. శబ్దం పెంచి, వార్త సగంలో ఉండగానే తీర్పు చెప్పేస్తాడు. అమెరికా పేరొస్తే తీర్పు ఎప్పుడూ ఒకటే: "మనకు చెప్పడానికి వాళ్లెవరండీ? మన ఇల్లు, మన ఇష్టం!" గరిటెలోని ఉప్పునీళ్లు మోచేతిదాకా కారుతున్నా పట్టించుకోడు.

మొన్న వార్తలకింకా టైముండగానే అదే అందుకున్నాడు. చికాగో నుంచి వచ్చిన యూదుల పిల్ల ఒకతె కాయ రుచి చూస్తూ, "నిజమే బాబాయ్‌గారూ! ఇక మేం సలహాలూ ఇవ్వం, ఆయుధాలూ పంపం. మీ ఇల్లు మీరే చూసుకోండి" అంది. గరిటె గాల్లోనే ఆగిపోయింది. "అవేం మాటలమ్మా! ఇంట్లోవాళ్లన్నాక ఓ మాట అనుకోమా? నువ్వేమన్నా పరాయిదానివా?" అంటూ అడక్కుండానే ఆమె పొట్లంలో ఇంకో గరిటెడు వేశాడు. అంతలో రేడియో పీప్‌మంది. నఫ్తాలీ గబుక్కున దాని నోరు నొక్కేశాడు. పక్కన చేపలమ్మే మజల్ కత్తి ఆపి అరిచింది: "ఏమయ్యోయ్, తీర్పు చెప్పవేం? ఇవాళ ఇల్లెవరిది?"