ఫ్రేము అంచున చెయ్యి

కరోనా తగ్గిన మరుసటి ఏడాది నన్ను మాదాపూర్ ఆఫీసులో పాత సినిమాల పునరుద్ధరణ విభాగానికి సూపర్‌వైజరుగా వేశారు. రిటైర్మెంటు దగ్గరపడింది. చుట్టూ సాఫ్ట్‌వేర్ కంపెనీలు, మధ్యలో నీకు సినిమా పనేమిటని బంధువులు ఆటపట్టించేవారు. పాడైన రీలును స్కాన్ చేసి, ఒక్కో ఫ్రేములో గీతలూ మచ్చలూ తుడవడమే మా పని. అంతకంటే ఏమీ లేదు.

ఆ ఏడాది గ్రీసు నుంచి ఒక నిర్మాత తీసిన నలుపు తెలుపు చిత్రం వచ్చింది. ప్రపంచయుద్ధం, దాని వెనకే అంతర్యుద్ధం ముగిశాక, తిండికే కటకటలాడిన ఏథెన్సులో తీసింది. ఆయనే నిర్మాత, ఆయనే మేనేజరు, లైటు పట్టేదీ ఆయనే. నటులు దొరక్కపోతే ఇంట్లోవాళ్ళనే కెమెరా ముందు నిలబెట్టేవాడట. సినిమా హక్కులు ఒక పంపిణీ సంస్థ కొనుక్కుంది. రీళ్ళు మాత్రం ఆయన కూతురు దాచినవి. ఆవిడకు ఎనభై దాటాయి. రీళ్ళు వెనిగర్ వాసన కొడుతూ, ముట్టుకుంటే విరిగేలా ఉన్నాయి. ఒక్కసారి స్కానర్‌లో తిప్పడమే గగనమైంది.

కొన్నవాళ్ళు సరేనన్న రీలుకు మొదటి స్కాన్‌ను చెరిపేయడం మా ఆఫీసు పద్ధతి. లేకపోతే సర్వర్లలో చోటు చాలదు.

అన్ని రీళ్ళకూ ఆమోదం వచ్చాక, మర్యాదకని ఆవిడకు వీడియో కాల్‌లో సినిమా చూపించాం. పెళ్ళింటి దృశ్యం దగ్గర ఆపి, మళ్ళీ వెయ్యమంది. గుమ్మంలో ఒక చిన్నపిల్ల బెదిరి ఆగుతుంది, తర్వాత ముందుకు నడుస్తుంది. ఆ పిల్ల తానేననీ, పక్కనుంచి ఒక చెయ్యి వచ్చి తన వీపు తట్టాలనీ దుబాసీ ద్వారా చెప్పింది. ఆ చెయ్యి వాళ్ళ నాన్నది. ఫొటోలున్నాయి గానీ, ఆయన కదులుతూ కనపడేది అక్కడొక్కచోటేనట.

ఆ రీలు చేసింది చందానగర్ నుంచి వచ్చే నరేష్. పనిమంతుడు, వంక పెట్టడానికి ఉండదు. కాల్ మ్యూట్ చేసి అడిగాను.

"అంచుల చెయ్యి కనవడ్డది సార్. షూటింగుల తప్పు జేసిన్రనుకొని తీసేసిన. మస్తు క్లీన్‌గ జేసినవని కొన్నోళ్ళు మెచ్చుకున్నరు గూడ" అన్నాడు.

నాకు ఒళ్ళు మండింది. కాలం చేసిన గాయాన్నే తుడవాలి, తీసినవాళ్ళు చేసినదాన్ని ముట్టుకోకూడదు. ఈ పనిలో అది మొదటి పాఠం. కానీ అరిచి లాభమేముంది? మొదటి స్కాన్ పోయింది. రీలు మళ్ళీ స్కానర్ ఎక్కదు.

వెతగ్గా వెతగ్గా, సబ్‌టైటిళ్ళు రాసేవాళ్ళకోసం తీసిన చిన్న ప్రివ్యూ కాపీ ఒకటి దొరికింది. బొమ్మ మసక. మీద టైము అంకెలు పరుగెడుతుంటాయి. వాటి వెనక, మణికట్టు దాకా, ఆ చెయ్యి ఉంది. సినిమాలో అతికించడానికి మాత్రం పనికిరాదు. దాన్ని తానే చూపించి మాట్లాడతానని నరేష్ పట్టుబట్టాడు. సరేనన్నాను.

ఆవిడ పదే పదే వేయించుకుని చూసింది. నరేష్ తప్పయిందని చెప్పుకున్నాడు.

"ఇది నాకు చాలదు. అయినా పంపండి" అంది.

సినిమా చెయ్యి లేకుండానే విడుదలైంది. ఇప్పుడు చూస్తే, ఆ పిల్ల తనంతట తానే ధైర్యం తెచ్చుకుని నడిచినట్టుంటుంది. చూసేవాళ్ళెవరికీ లోటు తెలియదు. మా వృత్తిలో తప్పును ఎంత నేర్పుగా చేస్తే అంతగా అది దొరకదు. అందుకే ఆ తర్వాత నేనున్నంతకాలం, ఫ్రేములోంచి మనిషిని తీసే ముందు ఆ మనిషెవరో అడిగి తెలుసుకోవాలనే నిబంధన పెట్టాను.