పేరు తీసేసిన సినిమా హాలు

మా ముత్తాతగారి తండ్రి శ్రీకాకుళం వైపు ఒక సంస్థానంలో దివాను. ముత్తాతగారు జంషెడ్‌పూర్ వచ్చి గోల్‌మురి పేటలో సినిమా హాలు కట్టించారు. హాలు ముఖాన ఆయన పేరు మూరెడేసి అక్షరాలతో ఉండేది. నా చిన్నప్పుడు, అంటే తొంభైల్లో, ఆ పేరూ ఊరూ రాస్తే చాలు, మా ఉత్తరం మాకు చేరేది. గొప్పకు చెప్పడం లేదు, ఉన్నమాట చెబుతున్నాను.

అప్పటికే ఇంటింటికీ కేబుల్ టీవీ వచ్చి హాలు వెలవెలబోయింది. రోజువారీ పనులు మా బాబాయి, అంటే తాతయ్య తమ్ముడి కొడుకు, చూసేవాడు. తాతయ్య చేతిలో మిగిలింది ఆదివారం ఉదయం ఆట ఒక్కటే. పరదేశాల సినిమాలు తెప్పించి కద్మా బంగళాల ఇంజనీర్లనూ టాటానగర్ రైల్వేవాళ్ళనూ పక్కపక్కన కూర్చోబెట్టేవారు. ప్రతిసారీ దర్శకుడి జీవితాన్ని ఒక అట్ట మీద రాయించి గేటు దగ్గర పెట్టడం ఆయన పద్ధతి. ఆయన చెప్పేవారు, నేను రాసేదాన్ని.

నాకు పన్నెండేళ్ళప్పుడు ఒక టర్కీ దర్శకుడి గురించి రాశాను. అతను మొదట్లో నిర్మాతలు అడిగిన చవక సినిమాలు తీసేవాడు. ఒకనాడు జనం మధ్య కూర్చుని తన సినిమా తానే చూస్తుంటే, తాను తీయని డాన్సులు మధ్యలో వచ్చాయి. నిర్మాత అతికించాడు. మర్నాడే అతను పోస్టర్ల మీద తన పేరు చెరిపించాడు. తండ్రి ఇచ్చిన ఆలివ్ తోట అమ్మి తానే నిర్మాత అయ్యాడు. ఆ తరవాత తీసినవి మూడే సినిమాలు. "మూడే" అన్న మాట కింద తాతయ్య నాచేత గీత గీయించారు. మేం వేయబోయేది అందులో మొదటిది.

ఆ ఆదివారం హాలు నిండిపోయింది. తాతయ్య ముఖం అంతగా వెలగడం నేను చూడటం అదే మొదటిసారి. ఆట మొదలైన కాసేపటికి తెర మీద ఒక ముసలి రైతు నూతిలోకి తొంగి చూశాడు. మరుక్షణం ఏదో హిందీ సినిమాలోని క్లబ్బు డాన్సు వచ్చింది. ఈలలు మోగాయి. తాతయ్య ఆపరేటర్ గదిలోకి వెళ్ళి ఆట ఆపించారు. లైట్లు వెలిగాయి.

"ఏటి బాబూ, ఇప్పుడే కదా బొమ్మ బాగుపడింది. ఆపేసారేటి?" అన్నాడు ముందు వరుసలో ఒక రైల్వే ఆయన.

"ఆ ముసిలోడు నూతిలో సూసింది దీన్నేనేటిరా?" అన్నాడు పక్కవాడు. హాలంతా నవ్వింది.

బాబాయి పరుగెత్తుకొచ్చాడు. "పబ్లిక్‌కి ఇదే కావాలి పెదనాన్నా. మీ టర్కీవోడు ఇక్కడికొచ్చి సూత్తాడేటి?"

"చూడడు. అందుకే మనం చూసుకోవాలి," అన్నారు తాతయ్య.

ఆపరేటర్ చేత ఆ ముక్కలు తీయించి సినిమా మళ్ళీ మొదటినుంచి వేయించారు. సగంమంది తిట్టుకుంటూ వెళ్ళిపోయారు. నూతిలో ఏముందో తేలకుండా కదలనని ముందు వరుస ఆయన మాత్రం చివరిదాకా కూర్చున్నాడు.

ఆట అయ్యాక గేటు దగ్గర నా అట్ట చూశాను. నా అక్షరాల కింద ఎర్రసిరాతో "క్లబ్ డాన్సులతో" అని రాసి ఉంది. అది బాబాయి చేతిరాత. ఆ ఎరుపు తలచుకుంటే నాకు ఈనాటికీ ఒళ్ళు మండుతుంది. తాతయ్య అది చదివారు. నిచ్చెనా నల్లరంగూ తెమ్మన్నారు. డెబ్భై ఏళ్ళ మనిషి తానే ఎక్కి, తన తండ్రి పేరు మీద ఒక్కో అక్షరానికీ నలుపు పూశారు. నేను నిచ్చెన పట్టుకున్నాను.

"పేరు లేకపోతే ఎవరి హాలని సెప్పాలి?" అన్నాడు బాబాయి.

"ఇక నీదే," అన్నారు పైనుంచి, చెయ్యి ఆపకుండా.

ఆ తరవాత ఆయన ఆ గేటు దాటలేదు. నేనూ దాటలేదు. ఉద్యోగంలో నేను రాసిన నివేదికను పైవాళ్ళు మార్చినప్పుడల్లా దాని మీద నా సంతకం కొట్టేశాను. అందుకు రెండుసార్లు ప్రమోషన్ పోయింది. పొగరన్నారు. అననివ్వండి. ఆ నిచ్చెన కింద నిలబడ్డదాన్ని నేను.

బాబాయి ఆ హాలును ఇంకో నాలుగేళ్ళు పేరు లేకుండానే నడిపాడు. తరవాత కుర్చీలు, రెండు ప్రొజెక్టర్లు, ఆ నిచ్చెనతో సహా అమ్మేశాడు.