పసుపురంగు క్యాసెట్టులో తాబేలు

పోయిన ఆదివారం మా మేనల్లుడు, అంటే సారపాకలో ఉంటున్న మా అన్నయ్య కొడుకు, ఖమ్మంలో మా ఇంటికి వచ్చి, కాళ్ళు కూడా కడుక్కోకముందే సంచిలోంచి ఒక పాత టీవీ గేమ్ డబ్బానూ, పైమూత లేని పసుపురంగు క్యాసెట్టునూ తీసి నా ముందు పెట్టాడు. వాడికి ఈ పాత ఆటల యంత్రాలు పోగుచేసే పిచ్చి ముప్పై దాటినా తగ్గలేదు. వాళ్ళింట్లో టీవీ పక్కన, కిటికీకి ఎదురుగా ఉన్న అద్దాల అరలో ఏళ్ళ తరబడి పడి ఉన్న ఆ క్యాసెట్టు సంగతేమిటని అడిగితే, వాళ్ళ నాన్న నవ్వి, అది మీ అత్త చేసిన తప్పు, ఆమెనే అడుగు అన్నాడట. అన్నయ్య మాటల్లో ఎప్పుడూ ఇలాంటి చురక ఒకటి ఉంటుంది. అన్నది నిజమే కాబట్టి నేను కోపం తెచ్చుకోలేదు.

మన వయసువాళ్ళకు ఆ డబ్బాలు గుర్తుండే ఉంటాయి. టీవీకి తగిలించి, ఒక క్యాసెట్టు గుచ్చి, చేతిలో నాలుగు మీటల పలక పట్టుకుని ఆడేవాళ్ళు. క్యాసెట్టు అంటే పాటలది కాదు, అరచేయంత ప్లాస్టిక్ డబ్బా. ఆట మొదలవకపోతే దాన్ని బయటికి లాగి నోటితో ఊది మళ్ళీ గుచ్చేవాళ్ళం. ఊదితే ఎందుకు పనిచేసేదో ఇన్నేళ్ళు సైన్సు చెప్పిన నాకు ఇప్పటికీ తెలియదు.

మాది ఎర్రుపాలెం వైపు పల్లె. ఉద్యోగం వచ్చింది మాత్రం భద్రాచలం దాటి, చర్ల రోడ్డులో, అడవి మధ్య ఉన్న ఒక ఆడపిల్లల ఆశ్రమ పాఠశాలలో. అప్పుడు నాకు పాతికేళ్ళు కూడా లేవు. పిల్లలందరూ కోయ గూడేల నుంచి వచ్చినవాళ్ళు. నా ఆంధ్రా సరిహద్దు యాస విని మొదటి నెలంతా మూతికి చెయ్యి అడ్డం పెట్టుకుని నవ్వారు. ఆదివారం మధ్యాహ్నాలు వాళ్ళకు దిగులు వేసే సమయం, ఇళ్ళు గుర్తొచ్చి గోడవారన కూర్చునేవారు. అది చూడలేక, కాగితం మిల్లు వర్క్‌షాపులో ఎలక్ట్రానిక్ పరికరాలు బాగుచేసే మా అన్నయ్య దగ్గరి నుంచి ఒక టీవీ గేమ్ తెచ్చి, బడికి పాఠాల కోసం ఇచ్చిన టీవీకి తగిలించాను. కరెంటు ఉన్న ఆదివారాల్లో వాళ్ళ దిగులు కొంత తగ్గింది. దాంతో లోకాన్ని ఉద్ధరించినంత గర్వం నాకు వచ్చింది.

మా దగ్గరున్నది ఒకే ఆట. ఒక చిన్న మనిషి కుడివైపుకు పరుగెత్తుతూ ఉంటాడు, ఎదురుగా తాబేళ్ళు వస్తుంటాయి, వాటిమీదికి దూకి తొక్కితే డిప్పలోకి ముడుచుకుపోతాయి, తొక్కేలోగా తగిలితే మనిషే పడిపోతాడు. మూడుసార్లు పడితే పలక పక్కవాళ్ళకు ఇచ్చేయాలి. పిల్లలు దీన్ని నాకంటే త్వరగా నేర్చుకున్నారు. ఒక్క పిల్ల తప్ప. ఏడో తరగతి పిల్ల, లెక్కల్లో అందరికంటే ముందుండేది, మాట తక్కువ. ఆమె వంతు వచ్చినప్పుడల్లా మొదటి తాబేలు కనపడగానే మనిషిని వెనక్కి జరిపేది, జరిపి జరిపి చివరికి అది తగిలి పడిపోయేది. వరసగా నాలుగు ఆదివారాలు ఇదే తంతు. మిగతా పిల్లలు పకపకా నవ్వేవారు.

భయమేమో అనుకుని పక్కన కూర్చుని తొక్కమని చెప్పాను. ఆ పిల్ల తల వంచుకుని, "అది మా ఇంటోళ్ళది టీచర్, తొక్కద్దు" అంది. వాళ్ళ వంశం వాళ్ళకు తాబేలు వేల్పుతో సమానమట, చంపరు, తినరు, కాలు తగలనివ్వరు. నాకు అప్పుడు విజ్ఞానం మీద ఉన్న నమ్మకంలో సగం వినయమైనా ఉండి ఉంటే ఈ కథే లేదు. అది తాబేలు కాదు, వెలుగు చుక్కలు అని అందరి ముందూ పాఠం చెప్పాను. ఆ పిల్ల వింది కానీ మీట నొక్కలేదు. తాబేలు దగ్గరికి వస్తుండగా ఆమె బొటనవేలి మీద నా బొటనవేలు పెట్టి నేనే నొక్కేశాను. తాబేలు ముడుచుకుపోయింది. పిల్లలంతా చప్పట్లు కొట్టారు. ఆ పిల్ల పలక కింద పెట్టి, లేచి వెళ్ళి, టీవీ అద్దాన్ని కింది అంచున చేత్తో తాకి కళ్ళకద్దుకుని బయటికి వెళ్ళిపోయింది.

తరువాతి వారం వాళ్ళమ్మ వచ్చి, ఇంట్లో పని ఉందని చెప్పి పిల్లను తీసుకుపోయింది. పది రోజులైనా తిరిగి పంపలేదు. అప్పట్లో ఏడో తరగతికి పబ్లిక్ పరీక్ష ఉండేది, దానికి రెండు నెలలు కూడా లేవు. పరీక్ష తప్పితే ఆ పిల్ల చదువు అక్కడితో ఆగిపోతుందని బడిలో అందరికీ తెలుసు. అలా ఆగిన పిల్లల పేర్లు రిజిస్టరులో చాలానే ఉన్నాయి, కానీ వాటిలో నా బొటనవేలి వల్ల ఆగినది ఒక్కటీ లేదు. ఇది చెప్పుకోవడానికి నాకు ఇప్పటికీ సిగ్గుగానే ఉంది.

మా బడిలో వంట చేసే అక్కది అటువైపు గూడెమే, రెండు భాషలూ వచ్చు. ఒక సెలవు రోజున ఆమెను వెంటబెట్టుకుని బస్సు దిగి, ఎండిన వాగు వెంట గంటన్నర నడిచి వాళ్ళింటికి వెళ్ళాను. ఆ పిల్ల నన్ను చూసి లోపలికి వెళ్ళిపోయింది. తల్లి మంచినీళ్ళిచ్చి గుమ్మంలో నిలబడింది. చాపలాంటి వెదురు తడిక అల్లుకుంటున్న తాత మాత్రం పని ఆపకుండానే తెలుగులోనే మాట్లాడాడు, వంట అక్క అవసరం రాలేదు. అది ఉత్త బొమ్మేనని నేను మళ్ళీ మొదలుపెట్టబోతే, ఆయన మెల్లగా అన్నాడు, "బొమ్మనే టీచరమ్మా, మాకు తెల్వదా? పుస్తకానికి కాలు తగిల్తే మీరు కండ్లకద్దుకుంటరు గద. అది గూడ కాయితమే గద."

చిన్నప్పటి నుంచి నేను ఎన్ని పుస్తకాలను అలా కళ్ళకద్దుకున్నానో నాకే తెలుసు, మొన్న మొన్నటి దాకా హాజరు పట్టీని కూడా. ఆయన ఒక బద్దను వంచి దూరుస్తూ, "బొమ్మ సంగతి పోనీ. మా పిల్ల ఏలు నువ్వు ఒత్తినవట. గదే మాకు నచ్చలే" అన్నాడు. పంపడం పంపకపోవడం తల్లి ఇష్టమని కూడా చెప్పాడు. తల్లి ఖాళీ చెంబు తీసుకుని లోపలికి వెళ్ళింది.

ఆ శనివారమే సారపాక వెళ్ళి అన్నయ్యకు అంతా చెప్పి, ఆ ఆటలోంచి తాబేళ్ళను తీసేయడం కుదురుతుందా అని అడిగాను. క్షమాపణ అడగడం చేతకానివాళ్ళు ఇలాంటి పనులు పెట్టుకుంటారు. అన్నయ్య క్యాసెట్టు విప్పి చూపించాడు. ఆట నడిపే చిప్పు ఒకటి, బొమ్మలన్నీ ఉండే చిప్పు ఇంకొకటి. రెండోదాన్ని పీకి, అందులోని అంకెలు చదివి, తాబేలు ఉన్నచోట మాత్రం వేరే అంకెలు వేసి కొత్త చిప్పులో ఎక్కిస్తే చాలన్నాడు. అది ఎక్కించే పరికరం వర్క్‌షాపులో ఉంది, సెలవు రోజున వాడుకోవడానికి వాళ్ళ ఇంజనీరు సరేనన్నాడు. బొమ్మ గీయడం నా వంతు. గ్రాఫు కాగితం మీద పదహారు గళ్ళ వెడల్పు, పదహారు గళ్ళ ఎత్తు, మూడే రంగులు. ఆ గళ్ళలో ఒక ప్రాణిని ఇరికించాలి.

ఏ ప్రాణిని అన్నదే చిక్కు. నా తెలివితో అడవిపందిని గీయబోతే అన్నయ్య, అది ఎవరింటోళ్ళదో కనుక్కోకుండా వేయకు అన్నాడు. బడికి వెళ్ళి పిల్లలను అడిగాను. పంది వద్దన్నారు, పాము వద్దన్నారు, పులి సంగతి అడగనే అక్కర్లేదు. పీత అంటే ఒక పిల్ల, అది మా అత్తోళ్ళది అంది. అందులో నిజమెంతో, నన్ను ఏడిపించడం ఎంతో చెప్పలేను. మొత్తానికి ఆ అడవిలో ఎవరికీ ఏమీ కానిది ఒక్కటీ దొరకలేదు. ఈ సంగతి మా వదినతో చెప్పుకుని వాపోతే, డాబా మీద మిరపకాయలు ఆరబోస్తున్న ఆమె తలెత్తకుండానే, "నిన్ను నువ్వే పెట్టుకో టీచరమ్మా. నిన్ను తొక్కితే ఏ వేల్పుకూ కోపం రాదు" అంది.

వదిన వేళాకోళానికే అన్నది కానీ, అంతకంటే తగినది నాకు తోచలేదు. నన్ను నేనే గీసుకున్నాను. కొప్పు, కళ్ళజోడు, కుచ్చిళ్ళ కోసం నాలుగు గళ్ళు. తొక్కినప్పుడు తాబేలు డిప్ప మిగిలేచోట కళ్ళజోడు ఒక్కటే నేలమీద మిగిలేలా గీశాను. గళ్ళను వరస వరసగా అంకెల్లోకి మార్చడానికి రెండు ఆదివారాలు పట్టింది. మొదటిసారి ఎక్కించినప్పుడు నా తల ఒకచోట, కాళ్ళు ఒకచోట నడిచాయి. చెరిపి మళ్ళీ రాయాలి. ఆ చిప్పుల నడినెత్తిన చిన్న గాజు కిటికీ ఉంటుంది, దానిమీద గట్టి వెలుగు చాలాసేపు పడితే లోపలున్నదంతా చెరిగిపోతుంది. చెరిపే దీపం వర్క్‌షాపులో కాలిపోయి ఉంది. అందుకని అన్నయ్య చిప్పులను వదిన మిరపకాయల మధ్య, కిటికీలు సూర్యుడికేసి పెట్టి వారానికి పైగా ఎండబెట్టాడు. ఒకసారి వదిన కాయలతోపాటు చిప్పునూ బస్తాలోకి ఎత్తింది, దాన్ని వెతకడంలో ముగ్గురం తుమ్మిన తుమ్ములు ఇప్పటికీ మా ఇంట్లో చెప్పుకుంటారు. రెండోసారి బొమ్మ సరిగ్గా నడిచింది. కిటికీ మీద నల్లటి కాగితం ముక్క అంటించి, క్యాసెట్టును నా చేతికిచ్చాడు.

తాబేళ్ళు తీసేశామనీ, పిల్ల ఆడినా ఆడకపోయినా వచ్చి పరీక్ష మాత్రం రాయాలనీ, ఆమె వేలు ఇంకెప్పుడూ ముట్టుకోననీ వంట అక్కతో కబురు పంపాను. పరీక్షకు పదిహేను రోజులుందనగా, ఒక ఆదివారం మధ్యాహ్నం తల్లీకూతుళ్ళు వచ్చారు. పిల్ల బట్టల మూట తల్లి చంకలోనే ఉంది, కింద పెట్టలేదు. పెడుతుందా, తిరిగి పట్టుకుపోతుందా అన్నది ఇంకా తేలలేదని ఆ నిలబడిన తీరే చెప్పింది.

లోపల పిల్లలు నన్ను తొక్కుతూ మహా సంబరంగా ఉన్నారు. కొత్త క్యాసెట్టు వచ్చినప్పటి నుంచీ టీవీ ఉన్న ఆ రేకుల గదిలో ఎన్ని కళ్ళజోళ్ళు రాలాయో లెక్కలేదు. ఆ పిల్లను చూసి జరిగి చోటిచ్చారు, పలక ఇచ్చారు. నేను చేతులు వెనక్కి కట్టుకుని గోడ దగ్గర నిలబడ్డాను. మొదటి టీచరమ్మ కొప్పు ఊపుకుంటూ ఎదురొచ్చింది. ఆ పిల్ల ఎప్పటిలాగే మనిషిని వెనక్కి జరిపింది. ఇంకా జరిపింది. తొక్కు తొక్కు అని పిల్లలు అరిచారు. అప్పుడు ఆ మనిషి పరుగందుకుని ఎగిరి, నా బొమ్మను ఎక్కడా ముట్టుకోకుండా అవతల దిగాడు. రెండోదాన్నీ అంతే, మూడోదాన్నీ అంతే. ఒకసారి తగిలి పడింది, మళ్ళీ మొదలుపెట్టింది. ఒక పిల్ల ఉండబట్టలేక, తొక్కితే అయిపోతుంది కదా అంటే, తెర మీదనుంచి చూపు తిప్పకుండానే, "దాటి పోవచ్చు గద, తొక్కుడెందుకు" అంది.

అప్పటికిగానీ నాకు అర్థం కాలేదు. నాలుగు ఆదివారాలు ఆ పిల్ల వెనక్కి జరిగింది భయంతో కాదు, పరుగు కోసం. తాబేలు మీంచి దూకాలని కొలత చూసుకుంటోంది. లెక్కలు వచ్చిన పిల్ల, ఇంకో రెండు వారాలుంటే కొలత దొరికేదే. ఆ ఆటకు తొక్కడం తప్ప దారి లేదని తీర్మానించుకున్నది నేను. చిప్పు మార్చాల్సిన పనే లేకపోయింది.

వెనక్కి తిరిగి చూస్తే, తల్లి మూటను కింద పెట్టి దానిమీదే కూర్చుని ఆట చూస్తోంది. సాయంత్రం బస్సుకు ఒక్కతే వెళ్ళింది. పిల్ల పరీక్ష రాసింది, పది దాకా మా బడిలోనే చదివింది. తరువాత నాకు వైరా వైపు బదిలీ అయింది, క్యాసెట్టు అన్నయ్యకు తిరిగిచ్చేశాను. ఆ పిల్ల ఇప్పుడు ఎక్కడుందో తెలియదు, తెలుసుకోవడానికి ప్రయత్నించానని చెప్తే అబద్ధమవుతుంది.

మేనల్లుడు క్యాసెట్టును తుడిచి, ఊది, గుచ్చాడు. ఆట లేచింది కానీ బొమ్మలు సగం పోయాయి. నల్లకాగితం ఎప్పుడో ఊడిపోయి ఉంటుందిరా, అరలో ఎండ తగిలింది అని అన్నయ్య ఫోన్లో చెప్పాడు. పరుగెత్తే మనిషి కొంత మిగిలాడు. కొప్పూ కళ్ళజోడూ ఉన్నచోట ఒక నిండు చదరం కదులుతూ వస్తోంది. ఇప్పుడయితే కంప్యూటరులో అరగంటలో ఏ బొమ్మనైనా మార్చేయొచ్చు అత్తా, ఎండా అక్కర్లేదు, మిరపకాయలూ అక్కర్లేదు అన్నాడు వాడు. నిజమే అయి ఉంటుంది. మా వీధి పిల్లలు ఫోన్లలో రోజుకు వందమందిని కాల్చేసి అన్నానికి లేస్తారు, అది ఎవరింటోళ్ళది అని ఆగే పిల్ల నాకు ఎక్కడా కనబడలేదు. కనబడినా, ఆగి వినడానికి నాబోటి టీచర్లకు ఇప్పుడు తీరిక ఉందో లేదో.

పలక అడిగి తీసుకున్నాను. ఆ పిల్లలాగే వెనక్కి జరిగి, పరుగందుకుని ఎగిరాను. చదరం తగిలి పడ్డాను. రెండోసారీ పడ్డాను. మీట ఎప్పుడు నొక్కాలో నా వేలికి తెలియడం లేదు. తొక్కెయ్ అత్తా, సులువు అన్నాడు మేనల్లుడు. నేను ఇంకొంచెం వెనక్కి జరిగాను.