గుడ్డ సంచుల ఖాతా

టైలరమ్మ భర్త పోయాక కుట్టుమిషను మీద దుప్పటి కప్పేశారు. దాన్ని ఎవరికైనా ఇచ్చేసి కొట్టు ఖాళీ చేసేద్దామని బావగారి పట్టు.

"ఒక్కదానివి ఏం నెట్టుకొస్తావమ్మా?" అన్నాడు.

నెలాఖరు దాకా ఆగమని బతిమాలుకుంది. మిషను పోతే భర్త చెయ్యి కూడా ఇంట్లోంచి పోయినట్టే ఆమెకు.

ఆయన ఒక్కో మనిషికీ ఒక్కసారే కొలతలు తీసి, ఒంటికి సరిగ్గా కాగితం కత్తిరించి దాచేవాడు. మళ్లీ టేపు పట్టే పనుండేది కాదు. ఆ పద్ధతే పట్టుకుని, తలుపుకి అట్ట కట్టింది: "మీ ఒక్కరికే ప్రత్యేక ఖాతా. పూర్తిగా ఉచితం. కొలతలు మా దగ్గర భద్రం. గుడ్డ పంపితే చాలు."

నలుగురికీ కనబడాలని ఆ కాగితాల మీద పేర్లు పెద్దక్షరాలతో రాసి, కిటికీలో వేలాడదీసి మురిసిపోయింది.

ఒక్కరూ రాలేదు. తెలిసినవాళ్లే తల తిప్పుకుని పోతున్నారు.

చివరికి ఎదురు మేడ పెద్దగొంతావిడ వచ్చింది. ఆవిడ గుసగుసలాడినా వీధి మలుపు దాకా వినబడుతుంది.

"నీకు బుర్రుందా? ఇన్నేళ్లు కాపురం చేసిన మా ఆయనకే తెలియని నా నడుం కొలత, పాలవాడికి చూపిస్తావా? అది మీ గౌనా, గుమ్మం తెరా అని పక్కింటావిడ అడుగుతోంది!"

టైలరమ్మ నాలుక కరుచుకుంది. ఆపైన నవ్వాగలేదు. భర్త పోయాక నవ్వడం అదే మొదలు.

కాగితాలన్నీ దించేసింది. భర్త పారేయకుండా దాచిన మిగులు ముక్కల బుట్ట ముందేసుకుని, ఎవరి బట్ట ముక్కతో వాళ్లకే చిన్న సంచి కుట్టి, ఎవరి కాగితం వాళ్ల సంచిలో పెట్టింది.

"పేరు రాయలేదేం?" అంది పెద్దగొంతావిడ, తన సంచి తిప్పి చూసుకుంటూ.

"పేరెందుకక్కా? ఇది మీ పువ్వుల గౌను గుడ్డ. మీకూ నాకూ తప్ప మూడో కంటికి తెలియదు."

ఆవిడ సంచి మూతి తాడు తానే బిగించి, మేకుకి తగిలించి, వీధిలోకి వెళ్లి గొంతెత్తింది.

"ఏమర్రా! మన నడుములు మూటగట్టేసింది! ఇహ సిగ్గుపడక రండి!"

అట్ట చెయ్యలేని పని ఆ గొంతు చేసింది. సాయంత్రానికి కొట్టులో కాలు పెట్టే చోటు లేదు.

నెలాఖరున బావగారు మిషను మొయ్యడానికి మనిషిని వెంటేసుకొచ్చాడు. గుమ్మం నిండా ఆడవాళ్లు.

"వరసలో రండి బాబూ! గుడ్డ తెచ్చారా?" అంది పెద్దగొంతావిడ.

ఎలాగో లోపలికి దూరాడు. గోడంతా రంగురంగుల సంచులు. నడిమధ్యన నీలం చారల సంచి. తమ్ముడి చొక్కా గుడ్డని ఆయన వేళ్లే గుర్తుపట్టాయి.

"మీ తమ్ముడిదే బావగారూ. మొదటి ఖాతా."

ఆయన వెంట వచ్చినవాణ్ణి చెయ్యూపి పంపేశాడు. సంచి మీంచి చెయ్యి తియ్యకుండానే, "నాక్కూడా ఒకటి తెరుస్తావా?" అన్నాడు.

"రేపు మీ పాత చొక్కా పట్టుకురండి. ఉచితమే," అని టైలరమ్మ మిషను మీద కాలేసి తొక్కింది.

ఆ రోజు ఆ చప్పుడు ముందు పెద్దగొంతావిడ గొంతు కూడా చిన్నబోయింది.